‘ఛీ’ మానేసి ‘చూద్దాం’ అనండి

ఒక చిన్న ప్రయోగం చేద్దాం. ఈ ఆదివారం పొద్దున్నే మీ పిల్లని తీసుకుని దగ్గర్లో ఉన్న పార్కుకి వెళ్లండి. ఫోన్ జేబులోంచి తీయకండి. అరగంటసేపు మీ నోటి నుంచి వచ్చే మాటల్ని మీరే లెక్కపెట్టుకోండి. ‘ఛీ’ ఎన్నిసార్లు? ‘అమ్మో’ ఎన్నిసార్లు? ‘ముట్టుకోకు’, ‘మట్టి’, ‘పడతావ్’, ‘డ్రెస్సు పాడవుద్ది’... ఇవన్నీ కలిపి ఎన్ని?

నా స్కోరు పదిహేడు. నవ్వకండి, మీది ఇంకా తేలలేదు.

అప్పటికి నేను పేరెంట్స్‌కి వర్క్‌షాపులు పెడుతున్నదాన్ని. మైక్ పట్టుకుని క్యూరియాసిటీ గురించి, కాన్ఫిడెన్స్ గురించి గంటలు గంటలు మాట్లాడేదాన్ని. బయటికొచ్చి రెండు నిమిషాలకొక ‘ఛీ’ అనేదాన్ని. ఆ సంగతి నాకు తెలిసొచ్చింది మా మేనకోడలి వల్ల.

దానికి అప్పుడు ఆరేళ్లు. హైదరాబాద్‌లో పదకొండో అంతస్తు ఫ్లాట్. లిఫ్టు, స్కూలు బస్సు, ఏసీ క్లాసురూము, మళ్లీ లిఫ్టు. జంతువులంటే ప్రాణం, ట్యాబ్‌లో. డైనోసార్ల పేర్లు ఇరవై గుక్కతిప్పుకోకుండా చెప్పేది. వాకిట్లో తొండ కనిపిస్తే మాత్రం కుర్చీ ఎక్కి ఏడ్చేది.

జూన్‌లో మా ఊరికి తీసుకెళ్లాను. ముందురోజు రాత్రి తొలకరి వాన పడింది. పొద్దున్నే అమ్మతో కలిసి చెలకలోకి నడిచాం. పది అడుగులు వేసిందో లేదో పిల్ల ఆగిపోయింది.

“అత్తా, ఎత్తుకో. మట్టి అంటుకుంటోంది.”

నేను వంగబోయాను. అమ్మ ఆపింది. “ఏం గాదు. నడవనియ్.”

కాస్త దూరం పోయాక పిల్ల నేల వైపు చూపించి “బ్లడ్!” అని అరిచింది. తడిసిన ఎర్రమట్టి మీద ఇంకా ఎర్రటి చుక్క. ఆ చుక్క కదిలింది. పిల్ల మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని దాని మీదకి వంగింది. ఇక్కడ ఆగండి. పిల్ల వంగింది. భయపడలేదు. సరిగ్గా అప్పుడే నా నోట్లోంచి ఊడిపడింది, “ఛీ, పురుగు!” అని. అంతే, ఎగిరి నా వెనక దాక్కుంది.

ఆ భయం పిల్లది కాదు. నేను ఇచ్చింది.

అమ్మ ఏమీ అనలేదు. గొంతుక్కూర్చుని అరచెయ్యి నేల మీద ఆనించింది. పట్టుకోలేదు, చూస్తూ కూర్చుంది. ఆ ఎర్ర చుక్క నింపాదిగా నడుచుకుంటూ వచ్చి చేతి మీదికి ఎక్కింది. “ఆరుద్ర పురుగు బిడ్డా ఇది. మా చిన్నప్పుడు అగ్గిపెట్టెల ఏసుకుని ఆడేటోళ్లం. మఖమల్ లెక్క ఉంటది, ముట్టి జూడు.”

పిల్ల నా వెనక నుంచి ఒక వేలు బయటపెట్టింది. ముట్టుకుంది. పురుగు కాళ్లన్నీ లోపలికి ముడుచుకుని ఎర్రటి పూసలా అయిపోయింది. మేం ముగ్గురం ఊపిరి బిగబట్టాం. కాసేపటికి ఒక్కో కాలు బయటికి పెట్టి మళ్లీ నడక మొదలెట్టింది. పిల్ల ముక్కు అమ్మ అరచేతికి ఆనేంత దగ్గరికి వెళ్లింది. తర్వాత లెక్కపెట్టడం మొదలెట్టింది.

“అత్తా, ఇన్సెక్ట్‌కి సిక్స్ లెగ్సే అని మా మేడమ్ చెప్పింది. దీనికి ఎయిట్ ఉన్నాయి!”

నా దగ్గర జవాబు లేదు. సాయంత్రం చదివి తెలుసుకున్నాను. పేరు పురుగే గానీ అది కీటకం కాదు, సాలీడు చుట్టం. ఏడాదిలో ఎక్కువ కాలం నేల లోపలే ఉంటుంది, తొలి వానలకి పైకొస్తుంది. ఆరుద్ర కార్తె రోజుల్లో కనిపిస్తుంది కాబట్టే ఆ పేరు. చిన్నప్పటి నుంచి వందలు చూశాను. ఒక్కసారైనా దాని కాళ్లు లెక్కపెట్టలేదు. ఆరేళ్ల పిల్ల పది నిమిషాల్లో లెక్కపెట్టింది.

పిల్లలు మీ ముఖం చదువుతారు

1985లో అమెరికాలో జరిగిన ఒక ప్రయోగం గురించి ప్రతి తల్లికీ, తండ్రికీ చెబుతుంటాను. ఒక బల్ల. దాని మీద మందపాటి గాజు. సగం దూరం పోయాక గాజు కింద ఒక చిన్న గొయ్యి కనిపిస్తుంది. ఏడాది వయసు పిల్లల్ని ఒక చివర వదిలారు, తల్లిని రెండో చివర నిలబెట్టారు. గొయ్యి అంచుకి రాగానే పిల్లలు ఏం చేశారు? తల పైకెత్తి అమ్మ ముఖం చూశారు. అమ్మ నవ్వుతూ ఉంటే 19 మందిలో 14 మంది పాక్కుంటూ దాటేశారు. అమ్మ ముఖంలో భయం ఉంటే 17 మందిలో ఒక్కరు కూడా దాటలేదు. ఒక్కరు కూడా!

అదే గాజు. అదే గొయ్యి. మారిందల్లా అమ్మ ముఖం.

అందుకే మీ పిల్లలకి ప్రకృతి అంటే ఇష్టం కలగాలంటే ముందు పని మీ మీద మొదలవుతుంది. ఇది గుడ్ న్యూస్. ఎందుకంటే పిల్లని మార్చడం కన్నా మీ నోటి మాట మార్చుకోవడం తేలిక. మూడు మాటలు మారిస్తే చాలు.

1. ‘ఛీ’ అనబోయేటప్పుడు ‘చూద్దాం’ అనండి. ఒకటి ‘ఛ’, ఇంకోటి ‘చ’, పక్కపక్క అక్షరాలే. నోరు తెరిచాక కూడా మార్చుకునే టైముంటుంది.

2. ‘అమ్మో’ బదులు ‘అదేంటో!’ అనండి. గొంతులో ఎగ్జైట్‌మెంట్ అలాగే ఉండనివ్వండి. దాని దిశ మాత్రం మారుతుంది.

3. ‘పడతావ్, జాగ్రత్త’ బదులు పని చెప్పండి. ‘రెండో చేత్తో పై కొమ్మ పట్టుకున్నావా?’, ‘ఆ రాయి ఊగుతోందేమో చూసుకో’. ఉత్త ‘జాగ్రత్త’ విన్న పిల్లకి ఏం చెయ్యాలో తెలీదు. మీరు కంగారు పడుతున్నారని మాత్రమే తెలుస్తుంది.

ఇంకో చిట్కా. స్కోరు రాసే పని పిల్లలకే అప్పజెప్పండి. మీరు ‘ఛీ’ అన్న ప్రతిసారీ పిల్ల గట్టిగా నంబరు చెప్పాలి. మా ఇంట్లో ఇది రూల్ అయిపోయింది. వారం తిరిగేసరికి నా పదిహేడు నాలుగుకి దిగింది. మా అన్నయ్య మాత్రం చాలాకాలం టాపర్‌గానే ఉన్నాడు.

అయిదు గంటలు కోళ్లగూట్లో

పేరు పొందినవాళ్ల చిన్నప్పటి కథలు నాకు పెద్దగా నచ్చవు. చివరికి అందరూ గొప్పవాళ్లయిపోతారు, మనకి ఏం చెయ్యాలో తెలీదు. ఒక్క కథ మాత్రం వదల్లేను. అందులో అసలు హీరో పిల్ల కాదు, తల్లి.

ఇంగ్లండ్‌లో నాలుగేళ్లు దాటిన ఒక పిల్లకి ఒక డౌట్ వచ్చింది. గుడ్డు బయటికి రావాలంటే కోడికి అంత పెద్ద కన్నం ఎక్కడుంది? ఎవరూ సరిగ్గా చెప్పలేదు. ఖాళీగా ఉన్న కోళ్లగూట్లో దూరి, గడ్డిలో కదలకుండా కూర్చుంది. గంటలు గడిచాయి. ఇంట్లో వాళ్లు వెతికి వెతికి పోలీసులకి కూడా చెప్పారు. చీకటి పడే వేళకి ఒళ్లంతా గడ్డితో పిల్ల పరిగెత్తుకుంటూ వచ్చింది.

మీరైతే ఏం చేసేవారు? నిజం చెప్పండి. నేనైతే ముందు వీపు మీద రెండు ఇచ్చి తర్వాత అడిగేదాన్ని.

ఆ తల్లి పిల్ల కళ్లలో మెరుపు చూసింది. కూర్చోబెట్టుకుని, కోడి గుడ్డు ఎలా పెట్టిందో మొత్తం కథ విన్నది. ఆ పిల్ల జేన్ గుడాల్. 1960లో చింపాంజీల్ని గమనించడానికి టాంజానియాలోని గోంబే అడవికి వెళ్లినప్పుడు, ఒంటరిగా పంపడానికి అక్కడి బ్రిటిష్ అధికారులు ఒప్పుకోలేదు. తోడుగా వెళ్లింది ఎవరనుకున్నారు? ఆ తల్లే.

మీరు గోంబే దాకా వెళ్లక్కర్లేదు. కథ విన్న ఆ పది నిమిషాలు తీసుకోండి. పిల్ల మట్టితో ఇంటికొచ్చినప్పుడు మొదటి ప్రశ్న ‘డ్రెస్సు ఏం చేశావ్?’ అనేది అవ్వకూడదు. ‘ఏం దొరికింది?’ అవ్వాలి. స్నానం రెండో ప్రశ్న. అది ఎక్కడికీ పోదు.

‘నాకే చెట్ల పేర్లు తెలీవు, పిల్లలకి ఏం చెప్పను?’ అంటారా? పర్లేదు. ‘సైలెంట్ స్ప్రింగ్’ రాసిన రేచెల్ కార్సన్ మహా సైంటిస్టు. ఆమె తన అక్క కూతురి కొడుకు రోజర్‌కి, మన వరసలో చెప్పాలంటే చిన్నమ్మమ్మ. వాడికి రెండేళ్లు నిండక ముందే ఒక తుఫాను రాత్రి దుప్పట్లో చుట్టి సముద్రం ఒడ్డుకి ఎత్తుకెళ్లింది. పాఠం చెప్పలేదు. చీకట్లో అలల హోరు వింటూ ఇద్దరూ నవ్వుకున్నారు. 1956లో ఆమె దీని గురించి ఒక మ్యాగజైన్ వ్యాసంలో రాసింది. తెలుసుకోవడం తర్వాత, ముందు అనుభూతి అన్నది ఆమె మాట సారాంశం. అన్నీ తెలిసిన మనిషే అలా అన్నాక మనకి భయమెందుకు? ‘నాకూ తెలీదు, చూద్దాం’ అనగలిగితే మీరు క్వాలిఫైడ్.

అడవి దాకా వద్దు, గోడ వెనక చాలు

ఇక్కడే చాలామంది పొరపాటు పడతారు. నేచర్ అనగానే రిసార్ట్ బుక్ చేస్తారు. అక్కడ రెయిన్ డాన్స్, జిప్‌లైన్, బఫే, డీజే. రెండు రోజులు పోయి వచ్చి ‘పిల్లలకి నేచర్ చూపించాం’ అంటారు. డీజే చప్పుడుకి పిట్టలన్నీ పక్క మండలానికి పారిపోయి ఉంటాయి. ఎంజాయ్ చెయ్యండి, కాదనను. దాన్ని ప్రకృతి ఖాతాలో మాత్రం రాయకండి.

ఏడాదికోసారి పెద్ద ట్రిప్ కన్నా వారానికి ఇరవై నిమిషాలు, అదీ ఎప్పుడూ ఒకే చోట. ఇదే మొత్తం సిస్టమ్. ఒకే చోట ఎందుకు? మార్పు కనపడాలంటే పాతది గుర్తుండాలి. పోయినవారం మొగ్గ, ఈవారం పువ్వు. పోయినవారం గూడు, ఈవారం పిల్లల కీచుకీచులు. సీరియల్ చూసేవాళ్లకి నేను విడిగా చెప్పక్కర్లేదు, ఎపిసోడ్ మిస్సయితే ఎలా ఉంటుందో!

ఆ చోటు ఎక్కడైనా కావచ్చు. అపార్ట్‌మెంటు కాంపౌండు గోడ మూల. తుమ్మచెట్లు మొలిచిన ఖాళీ ప్లాటు. చెరువుకట్ట. గుడి వెనక వేపచెట్టు. గార్డెనర్ కత్తిరించి పెట్టిన లాన్ మాత్రం వద్దు. ఎవరూ పట్టించుకోని చోటే కావాలి. అక్కడే బతుకు ఉంటుంది.

ఏం చూడాలి? మొదటి రోజుకి నా ఫేవరెట్ చెబుతా. వాన తగలని పొడి మట్టి ఉన్న చోటు వెతకండి. అరుగు కింద, గోడ వారన, పాత మండపం నీడలో. మెత్తటి దుమ్ములో గరాటాల్లాంటి చిన్న చిన్న గుంటలు కనిపిస్తాయి. రూపాయి బిళ్ల అంత ఉంటాయి. ఒక్కో గుంట అడుగున మట్టి కప్పుకుని ఒక పురుగు కూర్చుని ఉంటుంది. చీమ అంచు మీద కాలు పెట్టగానే మట్టి జారుతుంది. చీమ పైకి ఎక్కబోతే కింద నుంచి ఆ పురుగు తలతో మట్టి ఎగజిమ్ముతుంది. చీమ మళ్లీ జారుతుంది. సన్నటి గడ్డిపరకతో గుంట అంచుని మెల్లగా గీకండి. చీమ పడిందనుకుని మట్టి విసురుతుంది! దీన్ని ఒక్కో ఊళ్లో ఒక్కో పేరుతో పిలుస్తారు. మీ అమ్మకి ఫోన్ చేసి వాళ్ల ఊళ్లో ఏమనేవారో అడగండి. పిల్లలతోనే అడిగించండి. పెద్దయ్యాక ఆ పురుగుకి రెక్కలొచ్చి తూనీగలా తయారవుతుందని చెప్పండి. నమ్మరు. ఆ వాదన ఒక గంట నడుస్తుంది.

తర్వాత మీ క్యాలెండర్ మన కార్తెలే.

మొదటి వానల సాయంత్రం లైటు చుట్టూ ఉసిళ్లు మూగుతాయి. తలుపులు మూసేయకండి, ఒక్క బల్బు బయట వెలిగించి కూర్చోండి. రాలిన రెక్కలు ఏరి పిల్లలకివ్వండి. వీటిని వేయించుకుని తినేవారని చెబితే వాళ్ల ముఖాలు చూడాలి! వానాకాలంలో నీళ్ల పక్కన ఈతచెట్టుకో తుమ్మకొమ్మకో గిజిగాడు గూళ్లు వేలాడతాయి. కట్టేది మగపిట్ట. సగం కట్టాక ఆడపిట్ట వచ్చి చూస్తుంది, నచ్చితేనే పూర్తవుతుంది. నచ్చక వదిలేసిన సగం గూళ్లు అదే కొమ్మకి వేలాడుతూ ఉంటాయి. రిజెక్ట్ అయ్యాక కుర్రాడు ఏం చేస్తాడు? ఇంకో గూడు మొదలెడతాడు. దీని మీద నేను రెండు గంటల సెషన్ తీసుకోగలను గానీ పిల్లల దగ్గర నోరు మూసుకుంటా. మీరూ మూసుకోండి. గూడుని గూడుగా చూడనివ్వండి.

బతుకమ్మ రోజుల్లో పూలు మార్కెట్లో కొనకండి. ఒక్క పొద్దున గునుగు, తంగేడు కోయడానికి పిల్లల్ని తీసుకెళ్లండి. కార్తీకంలో ఉసిరిచెట్టు కింద భోజనాలు ఎలాగూ ఉన్నాయి. తిన్నాక పెద్దవాళ్లు పేకాట మొదలెట్టకుండా పిల్లలతో కోతి కొమ్మచ్చి ఆడండి. చలి పోయి ఎండ ముదిరే వేళకి మోదుగ ఆకులు రాల్చేసి చెట్టంతా నిప్పులా పూస్తుంది. వేసవిలో కోయిల కూస్తుంది. కూసేది మగకోయిల. ఆడది నిశ్శబ్దంగా కాకి గూట్లో గుడ్డు పెట్టి వస్తుంది. పొద్దున్నే కాకులు కోయిల వెంట పడి తరుముతుంటే ఎందుకో పిల్లల్నే కనిపెట్టమనండి.

అత్తిపత్తి దొరికితే మీ అదృష్టం. ఆ ఇరవై నిమిషాలు ఆకులు ముట్టుకోవడం, అవి ముడుచుకుంటే మళ్లీ విచ్చుకునేదాకా ఆగడం, అంతే. ఎన్నిసార్లు ముట్టుకున్నా బోర్ కొట్టదు.

మొదటి పావుగంట ఓర్చుకోండి

‘బోర్ కొడుతోంది, ఇంటికి వెళ్దాం.’ ఈ మాట వస్తుంది. గ్యారంటీగా వస్తుంది. స్క్రీన్ మీద మూడు సెకన్లకొక కట్ చూసే కళ్లకి చీమల బారు మొదట్లో స్లో మోషన్‌లా ఉంటుంది. మీరు కంగారుపడి ఫోన్ ఇస్తే ఆట అయిపోయినట్టే. ఏమీ చెయ్యకండి. ‘సరే, కూర్చుందాం’ అని కూర్చోండి. మీరు నిజంగా ఏదైనా చూడండి. యాక్టింగ్ వద్దు, పట్టేస్తారు. పది, పదిహేను నిమిషాల్లో ఒక పుల్ల తీసుకుని నేల గీకడం మొదలవుతుంది. అదే స్టార్ట్.

రూల్స్ తక్కువ పెట్టుకోండి:

• ఫోటోలు చివరి రెండు నిమిషాల్లోనే.

• పేర్లు చెప్పే యాప్‌లు ఇంటికొచ్చాక. పిట్ట కూతని గుర్తుపట్టే మెర్లిన్ మంచి యాపే. కానీ ముందు చెవి, తర్వాత ఫోన్.

• ఇంగ్లిష్ పేరు కన్నా ముందు తెలుగు పేరు. లకుముకి, పికిలి, జెముడు కాకి, పాలపిట్ట. ఆ పేర్లు నోట్లో తిరుగుతుంటేనే సగం సరదా.

• పట్టుకొచ్చినదాన్ని సాయంత్రంలోగా దాని చోట వదిలెయ్యాలి.

లెక్కలంటే ఇష్టపడే పిల్లలైతే ఫిబ్రవరిలో నాలుగు రోజులపాటు జరిగే గ్రేట్ బ్యాక్‌యార్డ్ బర్డ్ కౌంట్‌లో కలపండి. కనీసం 15 నిమిషాలు ఒక చోట కూర్చుని కనిపించిన పిట్టల్ని లెక్కపెట్టి ఈబర్డ్‌లో ఎక్కించాలి. డాబా మీద నుంచైనా చెయ్యొచ్చు. నాలుగు కాకులు, ఆరు పావురాలు, ఒక గోరింక. అదీ లెక్కే. ప్రపంచం మొత్తం లెక్కలో మీ పిల్ల రాసిన గోరింక కూడా ఉంటుంది.

భయపడాల్సినవి ఇవీ

నేను ధైర్యం చెబుతున్నానని పిచ్చి ధైర్యం చెయ్యకండి. తొండకి భయపడి, నిండిన క్వారీ గుంట పక్కన పిల్లల్ని వదిలేసే తల్లిదండ్రుల్ని చూశాను. తొండ ఏమీ చెయ్యదు. నీళ్లు చేస్తాయి.

నీళ్ల దగ్గర పిల్ల మీ చేతికి అందేంత దూరంలోనే ఉండాలి. బావి, కాలువ, చెక్‌డ్యామ్, మొరం తవ్విన గుంత, ఏదైనా సరే. ఇందులో డిస్కషన్ లేదు.

ఉరుము వినపడితే ఆట బంద్. చెట్టు కింద నిలబడకూడదు, పక్కా ఇంట్లోకో కారులోకో వెళ్లాలి. దామిని యాప్ పెట్టుకుంటే చుట్టుపక్కల పిడుగుల హెచ్చరిక వస్తుంది. ఉరుములు లేని వానలో డాబా మీద తడవనివ్వండి. జలుబు తెచ్చేది వైరస్, వాన కాదు. రోడ్డు మీది మురుగు నీళ్లలోకి మాత్రం వద్దు.

పాములు. మన దగ్గర ఎక్కువగా ప్రాణాల మీదకి తెచ్చేవి నాలుగు: నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, చిన్న పింజరి. పిల్లలకి నేర్పాల్సింది ఒక్కటే. పాము కనిపిస్తే ఆగు, వెనక్కి రా, పెద్దవాళ్లకి చెప్పు. రాళ్ల సందుల్లో, పుట్టల్లో చెయ్యి పెట్టకూడదు. పొదల్లోకి, చీకట్లోకి అయితే బూట్లు, టార్చి. కరిస్తే కొయ్యడం, పీల్చడం, బిగించి కట్టడం వద్దు. మంత్రాల దగ్గర టైం పోగొట్టొద్దు. 108కి ఫోన్ చేసి నేరుగా ఆసుపత్రికి.

మొక్కలు. ఉమ్మెత్త, గన్నేరు విషం. జిల్లేడు పాలు కంట్లో పడకూడదు. మీకు కచ్చితంగా తెలియని కాయ నోట్లో పెట్టకూడదు. తేనెపట్టుకి దూరం. సాయంత్రం దోమలకి ఫుల్ స్లీవ్స్. ఇంతే. ఈ లిస్టు ఫ్రిజ్ మీద అంటించండి. ఇందులో లేనిదానికి ‘అమ్మో’ అనే హక్కు మీకు లేదు.

‘మరి చదువో?’

వర్క్‌షాప్‌లో మూడో వరసలోంచి ఎవరో ఒకరు అడుగుతారు. ‘ఇదంతా బాగానే ఉంది మేడమ్, హోంవర్క్ ఎప్పుడు చేస్తారు?’

సరే, మీ భాషలోనే చెబుతా. మీ పిల్లకి కళ్లజోడు ఎప్పుడొచ్చింది? చైనాలోని గ్వాంగ్‌జౌలో ఒకటో తరగతి పిల్లలకి కొన్ని స్కూళ్లలో రోజూ 40 నిమిషాలు అదనంగా ఆరుబయట గడిపే పీరియడ్ పెట్టారు. మూడేళ్ల తర్వాత ఆ స్కూళ్లలో దూరపు చూపు తగ్గిన పిల్లలు 30.4 శాతం. మామూలుగా నడిచిన స్కూళ్లలో 39.5 శాతం. 2015లో ఈ ఫలితాలు అచ్చయ్యాయి. మందు లేదు, ఫీజు లేదు, బయట తిరగడమే. ఇంట్లో ట్యూబ్‌లైటు కింద వెలుతురు కొన్ని వందల లక్స్. బయట చెట్టు నీడలో కూడా దానికి ఎన్నో రెట్లు. ఆ వెలుతురే కంటి గుడ్డు అతిగా సాగకుండా ఆపుతుందని పరిశోధకుల అంచనా.

ఇది చాలదా? అయితే ఒకే గుంట ముందు ఇరవై నిమిషాలు కదలకుండా కూర్చోగలిగిన పిల్ల ఒకే లెక్క ముందు కూర్చోలేదా? ఆలోచించండి. నేను మార్కులు గ్యారంటీ ఇవ్వను. ఓపిక ఎలా ఉంటుందో మాత్రం వాళ్లు అక్కడ చూస్తారు.

వారం వారం ఇరవై నిమిషాలు అలవాటయ్యాక, అప్పుడు పెద్ద ట్రిప్‌లు వెయ్యండి. అప్పుడవి వేరుగా కనిపిస్తాయి. హైదరాబాద్‌లో ఉంటే కేబీఆర్ పార్కులో పొద్దున్నే నెమళ్లు అరుస్తాయి. గుంటూరు పక్కన ఉప్పలపాడులో ఊరి చెరువులోని చెట్ల మీదే గూడబాతులు గూళ్లు కట్టుకుంటాయి. చలికాలంలో పులికాట్‌కి రాజహంసలు. కాకినాడ పక్కన కోరింగ మడ అడవుల్లో చెక్కల దారి మీద నడుస్తూ బురదలో పీతల్ని లెక్కపెట్టొచ్చు. కదిరి దగ్గర తిమ్మమ్మ మర్రిమాను దాదాపు 5 ఎకరాలు పరుచుకుని ఉంటుంది. 1989లో గిన్నిస్ బుక్‌కి ఎక్కింది. మొదలు ఎక్కడో కనిపెట్టమని పిల్లల్ని వదిలేసి మీరు కూర్చోండి. చాలాసేపు రారు.

ఒక రాత్రి పని కూడా చెబుతా. ఊరికి వెళ్లినప్పుడు డాబా మీద లైట్లన్నీ ఆపేసి పడుకోండి. మొదటి అయిదు నిమిషాలు పిల్లలు మిమ్మల్ని గట్టిగా పట్టుకుంటారు. పట్టుకోనివ్వండి. కళ్లు చీకటికి పూర్తిగా అలవాటు పడటానికి దాదాపు అరగంట పడుతుంది. ఒక్కసారి ఫోన్ స్క్రీన్ వెలిగిందంటే మళ్లీ మొదటికే. ఆ అరగంట ఆగితే చుక్కలు ఒక్కొక్కటే పైకొస్తాయి. మా మేనకోడలు మూడు వందల దాకా లెక్కపెట్టి నిద్రపోయింది.

దానికిప్పుడు తొమ్మిదేళ్లు. పోయిన వినాయక చవితికి మా అన్నయ్య పత్రి యాప్‌లో ఆర్డర్ పెట్టాడు. పది నిమిషాల్లో ప్యాకెట్ వచ్చింది. పిల్ల దాన్ని నేల మీద పరిచి, వ్రతకథ పుస్తకం పక్కన పెట్టుకుని, ఇరవై ఒక్క పత్రాలూ ఉన్నాయో లేదో సరిచూసిందట. గరిక ఉంది, మారేడు ఉంది, జిల్లేడు ఉంది. రేగు, జమ్మి, వావిలి సరిపోయాయి. ఉత్తరేణి లేదు.

“నాన్నా, మన జనరేటర్ రూమ్ వెనక ఉంది. పోయిన ఆదివారం చూశా. రా.”

రాత్రి తొమ్మిదయింది. టార్చి, బూట్లు, తండ్రీకూతుళ్లు ఇద్దరూ కిందికి దిగారు. ఉత్తరేణి తెచ్చారు. పైకొచ్చాక అన్నయ్య నాకు ఫోన్ చేశాడు.

“నువ్వు చేసిన పనే ఇది. కొత్త ప్యాంటు. మోకాళ్ల దాకా ఆ గింజలు అంటుకున్నాయి. దులిపితే పోవట్లేదు, ఒక్కొక్కటీ పీకాల్సి వస్తోంది. ఛీ, ఏం మొక్కే ఇది...”

వెనక నుంచి పిల్ల గొంతు గట్టిగా వినపడింది.

“నాన్నా, ఒకటి!”